హెడ్మాస్టర్ కుర్చీ ఖాళీ కాకముందే మేలుకోండి

మైనారిటీ యాజమాన్యాల బడుల్లో పాఠాలు చెబుతున్న టీచర్లు, ఆ బడులు నడిపే కరస్పాండెంట్లు, వాళ్ల ఫైళ్లు చూసే విద్యాశాఖ అధికారులు ఈ హెచ్చరికను ఇప్పుడే చదవాలి. ప్రమోషన్ల గురించి రెండు తప్పుడు నమ్మకాలు మన బడుల్లో పాతుకుపోయాయి. మొదటిది స్టాఫ్‌రూములో వినిపిస్తుంది: "అందరికంటే నేనే సీనియర్ని. హెచ్‌ఎం పోస్టు నాదే. ఇవ్వకపోతే కోర్టులో తెచ్చుకుంటా." రెండోది కరస్పాండెంట్ గదిలో వినిపిస్తుంది: "మనది మైనారిటీ సంస్థ. ఎవర్ని కూర్చోబెట్టినా అడిగేవాడు లేడు." మొదటి మాట నమ్ముకుని కోర్టుకెక్కిన టీచరు కేసు పోగొట్టుకుంటాడు. రెండో మాట నమ్ముకున్న మేనేజ్‌మెంటు తను చేసిన నియామకానికి జడ్జి ముందు ఒక్క కారణం కూడా చూపించలేక ఇరుక్కుంటుంది. ఈ రెంటి మధ్య బడి ఏళ్ల తరబడి ఇన్‌చార్జి పాలనలో నలుగుతుంది.

ఇంత తొందరపెట్టడానికి కారణం ఉంది. 2025 సెప్టెంబర్ 1న టీచర్ల అర్హత పరీక్ష (టెట్) మీద సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు టీచర్ల ప్రమోషన్ల లెక్కనే మార్చేసింది. అందులో మైనారిటీ బడుల సంగతిని మాత్రం పెద్ద ధర్మాసనానికి వదిలిపెట్టింది. రేపటి తగాదాలు చాలావరకు ఆ తేలని చోటే పుడతాయి. ఆ తీర్పు దగ్గరికి తర్వాత వస్తాను. ముందు హక్కు ఎవరిది, ఎంతవరకు అన్నది తెలియాలి.

మతం వల్ల గానీ భాష వల్ల గానీ మైనారిటీలైనవాళ్లకు తమకు నచ్చిన విద్యాసంస్థలు పెట్టుకునే హక్కు, నడుపుకునే హక్కు రాజ్యాంగం 30వ అధికరణం ఇచ్చింది. ఎవరు మైనారిటీ అన్నది రాష్ట్రాన్ని యూనిట్‌గా తీసుకుని చూడాలని 2002లో టీఎంఏ పాయ్ ఫౌండేషన్ కేసులో 11 మంది జడ్జీల ధర్మాసనం తేల్చింది. కాబట్టి ఇక్కడ మెజారిటీ అయిన తెలుగువాళ్లు ఢిల్లీకి వెళ్తే భాషా మైనారిటీ అవుతారు. దుర్గాబాయి దేశ్‌ముఖ్ చొరవతో ఢిల్లీలో మొదలైన ఆంధ్రా ఎడ్యుకేషన్ సొసైటీ బడులను, చెన్నైలోనో ముంబైలోనో మనవాళ్లు పిల్లల కోసం పెట్టుకున్న తెలుగు బడులను ఈ కోణంలోనే చూడాలి. ఇదెవరో పాస్టర్లదో, మౌల్వీలదో గొడవ అనుకుని పేజీ తిప్పేయొద్దు.

నడుపుకునే హక్కు అంటే ఏమిటని కోర్టులను అడిగితే చాలాసార్లు వచ్చిన జవాబు ఒకటే: బడికి పెద్దగా ఎవరుండాలో ఎంచుకోవడం ఆ హక్కుకు గుండెకాయ. హెడ్మాస్టరో ప్రిన్సిపాలో సంస్థ స్వభావాన్ని కాపాడే మనిషి. ఆ మనిషిని ఎంచుకునే స్వేచ్ఛ తీసేస్తే మిగిలేది పేరుకే హక్కు. 1998లో కేరళకు చెందిన ఎమ్‌జే హైస్కూల్ కేసులో జరిగింది ఇదే. కేరళ విద్యా నిబంధనలు ఎయిడెడ్ బడిలో హెడ్మాస్టర్ పోస్టును సీనియారిటీని బట్టి నింపాలంటాయి. ముస్లిం యాజమాన్యం సీనియర్ టీచర్‌ను కాదని అర్హతలున్న మరొకరిని నియమించింది. సీనియర్ టీచర్ సుప్రీంకోర్టు దాకా వెళ్లి ఓడిపోయారు. అర్హత ఉన్న వ్యక్తి అయితే చాలు, యాజమాన్యం ఎంపికకు సీనియారిటీ నిబంధన అడ్డురాదని కోర్టు చెప్పింది. 2006లో మలంకర సిరియన్ కాథలిక్ కాలేజీ కేసులోనూ అదే తేలింది. ప్రిన్సిపాల్ పోస్టును సీనియారిటీ, యోగ్యత చూసి ప్రమోషన్ మీద ఇవ్వాలన్న కేరళ విశ్వవిద్యాలయ చట్టం నిబంధన మైనారిటీ కాలేజీకి వర్తించదంది కోర్టు. జీతాలు ప్రభుత్వమే ఇస్తోంది కదా అన్న వాదన నిలబడలేదు. గ్రాంటు తీసుకున్నంత మాత్రాన 30వ అధికరణం కింద హక్కు ఆవిరైపోదని సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది.

మన టీచర్లు ఇక్కడే దెబ్బతింటున్నారు. పక్కనే ఉన్న జిల్లా పరిషత్ హైస్కూల్లో సీనియారిటీ లిస్టే ప్రాణం. అభ్యంతరాలు పిలుస్తారు, ఫైనల్ లిస్టు పెడతారు, కౌన్సెలింగ్ జరుగుతుంది, స్కూల్ అసిస్టెంట్ హెచ్‌ఎం అవుతాడు. ఎయిడెడ్ టీచరు కూడా అదే ట్రెజరీ నుంచి జీతం తీసుకుంటాడు, అదే యూనియన్‌లో ఉంటాడు, అదే పీఆర్సీ కోసం ధర్నాలో కూర్చుంటాడు. తన బడిలోనూ అదే పద్ధతి ఉంటుందని అనుకోవడం సహజం. చట్టం మాత్రం అలా లేదు. మైనారిటీ ఎయిడెడ్ బడిలో ఇరవై ఏళ్ల సర్వీసు ఉన్న టీచరు, తనకంటే పదేళ్లు జూనియర్ హెచ్‌ఎం అయ్యాడన్న ఒక్క కారణంతో కోర్టుకెళితే గెలవడం చాలా కష్టం. ఈ మాట చేదుగా ఉంటుందని తెలుసు. లాయర్ ఫీజు కట్టే ముందే ఎవరో ఒకరు చెప్పాలి.

అలాగని యాజమాన్యం చేసిందంతా చెల్లదు. నడుపుకునే హక్కులో పాడుచేసుకునే హక్కు లేదని 1958లోనే, కేరళ విద్యా బిల్లు మీద రాష్ట్రపతి సలహా అడిగినప్పుడు సుప్రీంకోర్టు చెప్పింది. 1986లో ఫ్రాంక్ ఆంథోనీ పబ్లిక్ స్కూల్ ఉద్యోగుల కేసులో తెలుగువాడైన జస్టిస్ ఓ.చిన్నప్పరెడ్డి ఉన్న ధర్మాసనం మరో అడుగు ముందుకు వేసింది. ఢిల్లీ విద్యాచట్టంలో టీచర్ల సర్వీసు రక్షణలు, జీతభత్యాల అధ్యాయం అన్‌ఎయిడెడ్ మైనారిటీ బడులకు వర్తించదన్న మినహాయింపును చాలావరకు కొట్టేసింది. టీచర్‌కు సరైన జీతం, భద్రత ఇస్తే మైనారిటీ హక్కుకు వచ్చిన నష్టం ఏమీ లేదన్నది ఆ తీర్పు సారాంశం. నా దృష్టిలో ఆ తీర్పు వెనుక ఒక సాదా నిజం ఉంది: టీచర్లు కడుపు నిండక, భయంభయంగా పనిచేసే బడి ఏ మైనారిటీ పిల్లలకూ మేలు చేయదు.

ప్రమోషన్ల విషయంలో ప్రతి కరస్పాండెంటూ గోడకు తగిలించుకోవాల్సిన తీర్పు 2017 జనవరి 31న వచ్చింది. గోవాలో ఒక మైనారిటీ బడిలో సీనియర్ టీచర్‌ను పక్కనపెట్టి జూనియర్‌కు పెద్ద పోస్టు ఇచ్చారు. మైనారిటీ సంస్థకు ఎంచుకునే హక్కు ఉందంటూ బొంబాయి హైకోర్టు ఆమె పిటిషన్‌ను తోసిపుచ్చింది. సుప్రీంకోర్టులో జస్టిస్ ఏ.కె.గోయల్, జస్టిస్ యు.యు.లలిత్ ధర్మాసనం ఆ తీర్పును పక్కకు పెట్టి, కేసును మళ్లీ వినమని హైకోర్టుకే పంపింది. ఎంచుకునే హక్కు యాజమాన్యానిదే, సందేహం లేదు. ఆ ఎంపిక న్యాయంగా, పారదర్శకంగా జరిగిందా లేదా చూసే అధికారం మాత్రం హైకోర్టుకు ఉంది అంది. తనకు అన్యాయం జరిగిందని పౌరుడు మొరపెట్టుకుంటే, అవతల ఉన్నది మైనారిటీ సంస్థ అన్న ఒక్క మాట చెప్పి తలుపు వేయడం కుదరదన్నది దాని భావం.

ఈ తీర్పును సరిగ్గా అర్థం చేసుకోవాలి. సీనియర్‌కు పోస్టు ఇమ్మని కోర్టు చెప్పలేదు. ఎలా ఎంచుకున్నారో చూపించమంది. అందువల్ల టీచర్ అడగాల్సిన ప్రశ్న "నేను సీనియర్ని కదా" అన్నది అవకూడదు. "ఏ ప్రమాణాలతో ఎంచుకున్నారు? నన్ను పరిశీలించారా? కాదనడానికి కారణం రాశారా?" అని అడగాలి. యాజమాన్యం కూడా "మాది మైనారిటీ సంస్థ" అన్నచోట ఆగకుండా, "ఇదిగో మా మినిట్స్ పుస్తకం, ఇవిగో మేం పెట్టుకున్న ప్రమాణాలు, ఇవిగో కారణాలు" అని చూపగలగాలి. కేసు గెలుపోటములు ఆ కాగితాల మీదే ఆధారపడి ఉన్నాయి.

ఆ కాగితాలు నిజంగా ఎలా ఉంటాయో దగ్గరగా చూడండి. ఒక ఎయిడెడ్ హైస్కూల్లో హెచ్‌ఎం ఏప్రిల్ నెలాఖరున రిటైరవుతారు. అదే రోజు సాయంత్రం సన్మానం, శాలువా, గ్రూప్ ఫోటో. మర్నాటి నుంచి సెలవులు. జూన్‌లో బడి తెరిచేసరికి అటెండెన్స్ రిజిస్టర్‌లో మొదటి పేరు మారిపోయి ఉంటుంది. మేనేజ్‌మెంట్ కమిటీ తీర్మానం ఒకే ఒక్క వాక్యంలో ఉంటుంది: ఫలానా వారిని హెచ్‌ఎంగా నియమించాలని ఏకగ్రీవంగా తీర్మానించడమైనది. పోటీలో ఎవరున్నారు, ఎవర్ని చూశారు, ఎందుకు వీరినే ఎంచుకున్నారు అన్నది లేదు. కొన్నిచోట్ల సంతకాల కింద తేదీ కూడా ఉండదు. ఇక సీనియర్ టీచర్ పాలిథిన్ కవర్లో ఉన్న కాగితాలు చూడండి. సర్వీస్ రిజిస్టర్ జిరాక్సులో కొన్ని పేజీలు లేవు. ఎమ్మే పాసైన సంగతి ఎస్సార్‌లో ఎక్కలేదు. డిపార్ట్‌మెంట్ టెస్టు సర్టిఫికెట్ ఇంట్లో ఎక్కడో ఉంది. మేనేజ్‌మెంటుకు, డీఈవోకు, ఆర్జేడీకి, చివరికి మంత్రి గారికి ఇచ్చిన అర్జీల కట్ట దళసరిగా ఉంది. వాటిలో చాలావాటి మీద అందినట్టు సంతకం గానీ స్టాంపు గానీ లేదు. తేదీలు చూస్తే మొదటి అర్జీకీ కోర్టు పిటిషన్‌కీ మధ్య మూడేళ్లు గడిచిపోయాయి. ఈ రెండు కాగితాల కట్టలతో ఇద్దరూ ఒకే కేసు నడపబోతున్నారు.

ఆ మూడేళ్ల జాప్యమే అసలు ప్రమాదం. జూనియర్‌కు ప్రమోషన్ ఇచ్చారని బాధపడే ఉద్యోగి ఆర్నెల్లలోపు, మహా అయితే ఏడాదిలోపు కోర్టుకు రావాలని 1974లోనే సుప్రీంకోర్టు చెప్పింది. అర్జీ మీద అర్జీ పెట్టుకుంటూ పోతే గడువు పెరగదని 2008లోనూ, ఆ తర్వాతా వచ్చిన తీర్పుల్లో మళ్లీ గట్టిగా చెప్పింది. జీతంలో కోత లాంటివాటికి ప్రతి నెలా కొత్తగా నష్టం జరుగుతోందని వాదించవచ్చు. ప్రమోషన్‌లో మాత్రం ఆ కుర్చీలో ఇంకో మనిషి కూర్చుని ఉంటాడు, అతనికీ హక్కు కుదురుకుపోతుంది. ఆలస్యం అయినకొద్దీ కోర్టు అతన్ని కదిలించడానికి ఇష్టపడదు. మన టీచర్లు మర్యాదస్తులు. "కరస్పాండెంట్ గారితో ఎందుకు గొడవ, మాట్లాడి చూద్దాం, పండగ కానీ, పరీక్షలు కానీ" అంటూ ఏడాది గడిపేస్తారు. మాట్లాడండి, తప్పు లేదు. కానీ ఒక కంటితో క్యాలెండర్ చూస్తూనే మాట్లాడండి.

ఏ కోర్టుకు వెళ్లాలన్న ప్రశ్న ఇంకా చిక్కు. ఎయిడెడ్ బడి టీచర్‌కు జీతం, అప్రూవల్, పింఛను ప్రభుత్వ నిబంధనలతో ముడిపడి ఉంటాయి గనుక హైకోర్టులో రిట్ వేసుకునే దారి ఉంది. అన్‌ఎయిడెడ్ మైనారిటీ బడి టీచర్‌కు ఆ దారి దాదాపు మూసుకుపోయింది. 2022లో సెయింట్ మేరీస్ ఎడ్యుకేషన్ సొసైటీ కేసులో సుప్రీంకోర్టు, చట్టబద్ధమైన సర్వీసు నిబంధనలు లేని చోట ఉద్యోగ వివాదం కేవలం కాంట్రాక్టు వ్యవహారమేనని, దాని మీద రిట్ నిలవదని చెప్పింది. బడి చేసేది ప్రజలకు పనికొచ్చే పనే అయినా, లోపలి ఉద్యోగ ఒప్పందం ప్రైవేటు సంగతేనంది. కార్పొరేట్ హంగులున్న ఇంగ్లిష్ మీడియం మైనారిటీ స్కూళ్లలో వేలకొద్దీ టీచర్లు ఉన్నారు. వైస్ ప్రిన్సిపాల్ పోస్టు ఇస్తామని నోటిమాటగా చెప్పారని నమ్మి పదేళ్లు పనిచేసేవాళ్లు వీళ్లలోనే ఎక్కువ. వీళ్లకు అపాయింట్‌మెంట్ ఆర్డర్‌లో రాసి ఉన్నదే దిక్కు. ఆ ఆర్డర్ కాపీ కూడా చేతిలో లేనివాళ్లు ఇవాళే అడిగి తీసుకోవాలి.

ఇంకో లోటు ఉంది. టీఎంఏ పాయ్ తీర్పులో ప్రైవేటు విద్యాసంస్థల ఉద్యోగుల కోసం ట్రిబ్యునళ్లు పెట్టాలని, అవి వచ్చేదాకా జిల్లా జడ్జి స్థాయి అధికారి వినాలని సుప్రీంకోర్టు సూచించింది. అయితే ఆ మాట చెప్పింది శిక్షలు, తొలగింపుల విషయంలో. పై మెట్టు ఎక్కనివ్వకుండా ఆపేసిన టీచర్ గురించి ఆ వాక్యంలో లేదు. ఉద్యోగం పోయినవాడికి కనీసం తలుపు తట్టే చోటు ఉంది. ఉద్యోగం ఉండి, జీవితమంతా అదే మెట్టు మీద నిలబడిపోయినవాడికి హైకోర్టు తప్ప దగ్గరలో ఏదీ లేదు. మారుమూల మండలంలోని టీచర్ అమరావతికో హైదరాబాద్‌కో లాయర్ కోసం తిరగాల్సి వస్తోంది. దీన్ని సరిదిద్దాల్సింది రాష్ట్ర ప్రభుత్వాలు. ఏళ్లుగా అడుగుతున్నా ఎవరికీ పట్టడం లేదు.

తెలుగు నేలకు ఈ వివాదాలు కొత్త కాదు. 1975 నాటి ఆంధ్రప్రదేశ్ ప్రైవేటు విద్యాసంస్థల నియంత్రణ చట్టం టీచర్ల తొలగింపు విషయంలో అధికారులకు ఇచ్చిన కొన్ని అధికారాలు మైనారిటీ బడులకు చెల్లవని 1980లో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ కేసుకు పేరొచ్చింది హైదరాబాద్‌లోని ఆల్ సెయింట్స్ హైస్కూల్ వల్లే. తర్వాత వచ్చిన 1982 విద్యాచట్టం ఇప్పటికీ రెండు రాష్ట్రాల్లోనూ ప్రైవేటు బడులకు ఆధారం. ఆ చట్టాన్ని, దాని కింద వచ్చిన నిబంధనలను మైనారిటీ బడికి వర్తింపజేసేటప్పుడు ఏది చెల్లుతుంది, ఏది చెల్లదు అన్నది చాలా డీఈవో ఆఫీసుల్లో ఎవరికీ స్పష్టంగా తెలియదు. ఫలితంగా రెండు వైపులా తప్పులు జరుగుతాయి. ఒక జిల్లాలో సీనియర్‌ను పెట్టలేదన్న కారణంతో అర్హత ఉన్న హెచ్‌ఎంకు అప్రూవల్ ఆపేస్తారు. ఇంకో జిల్లాలో బీఈడీ కూడా లేని వ్యక్తిని పెడితే, మైనారిటీ సంస్థ కదా మనకెందుకని ఊరుకుంటారు. అర్హత చూడటం శాఖ బాధ్యత. అర్హులైనవాళ్లలో ఎవరు మేలో తేల్చడం శాఖ పని కాదు. ఈ గీత ఎక్కడుందో తెలియని అధికారి చేతిలో ఫైలు నెలలకొద్దీ నానుతుంది. అప్రూవల్ రానంతకాలం కొత్త హెచ్‌ఎం పాత స్కేలులోనే జీతం తీసుకుంటారు. అది పింఛనులోనూ పడుతుంది.

దీనికి తోడు పోస్టుల భర్తీ ఆగిపోవడం. రెండు వేల దశకం నుంచి ఎయిడెడ్ బడుల్లో కొత్త నియామకాలు దాదాపు నిలిచిపోయాయి. రిటైరైనవాళ్ల స్థానాలు ఖాళీగానే ఉన్నాయి. 2021లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఎయిడెడ్ సిబ్బందిని తనలో కలుపుకునే ప్రయత్నం చేసినప్పుడు తల్లిదండ్రులు, విద్యార్థులు చాలాచోట్ల రోడ్డెక్కారు. అప్పుడు ప్రభుత్వంలోకి వెళ్లినవాళ్లు, బడిలోనే ఉండిపోయినవాళ్లు, వెళ్లి తిరిగి రావాలనుకున్నవాళ్లు, ఇలా ఒకే స్టాఫ్‌రూములోని మనుషులు వేర్వేరు దారులు పట్టారు. ఇలాంటి చోట మిగిలిన ముగ్గురు నలుగురు టీచర్లలో ఎవరు హెచ్‌ఎం అన్నది చిన్న విషయంగా కనిపిస్తుంది గానీ, బడి బతకాలా వద్దా అన్నది కూడా దాని మీదే ఆధారపడి ఉంటుంది. మండల విద్యాధికారికి లెక్కలు చెప్పాల్సిన సంతకం, మధ్యాహ్న భోజనం బిల్లు మీద సంతకం, టీసీ మీద సంతకం ఎవరిదో తేలని బడికి పిల్లల్ని ఎవరు పంపిస్తారు?

కొన్ని సంఘాల్లో ఇంకా ఘోరమైన పరిస్థితి ఉంది. సంస్థలోనే రెండు వర్గాలు. ఇద్దరూ కరస్పాండెంట్లమనే చెప్పుకుంటారు. ఇద్దరూ చెరొక హెచ్‌ఎంను నియమిస్తూ చెరొక ఆర్డర్ ఇస్తారు. రెండు ఆర్డర్లూ డీఈవో బల్ల మీదికి వస్తాయి. అలాంటి చోట ప్రమోషన్ తీసుకునే టీచర్ ఒక్కమాట గుర్తుంచుకోవాలి: ఆర్డర్ ఇచ్చిన మనిషికి ఆ అధికారం ఉందని తేలితేనే మీ ప్రమోషన్ నిలుస్తుంది. మీకు ఆర్డర్ ఇచ్చిన వర్గం కోర్టులో ఓడిపోయిన రోజున మీరు తీసుకున్న జీతం రికవరీ దాకా వెళ్లవచ్చు.

ఇప్పుడు టెట్. 2010 ఆగస్టు 23 నాటి ఎన్‌సీటీఈ నోటిఫికేషన్‌తో ఒకటి నుంచి ఎనిమిదో తరగతి వరకు బోధించే టీచర్ల నియామకానికి టెట్ తప్పనిసరి అయింది. 2014లో ప్రమతి ట్రస్టు కేసులో ఐదుగురు జడ్జీల ధర్మాసనం, విద్యాహక్కు చట్టం మైనారిటీ బడులకు వర్తించదని తేల్చింది. ఎయిడెడ్ అయినా సరే. 2025 సెప్టెంబర్ 1 తీర్పులో జస్టిస్ దీపాంకర్ దత్తా, జస్టిస్ మన్మోహన్ ధర్మాసనం మిగతా బడుల టీచర్లకు గట్టి గీత గీసింది. ఐదేళ్లకు మించి సర్వీసు మిగిలినవాళ్లు రెండేళ్లలో టెట్ పాసవ్వాలి, లేదంటే ఉద్యోగం వదులుకోవాలి. ఐదేళ్లలోపు సర్వీసు మిగిలినవాళ్లు ఉద్యోగంలో కొనసాగవచ్చు, కానీ టెట్ లేకుండా ప్రమోషన్ రాదు. మైనారిటీ బడుల విషయానికి వచ్చేసరికి ఆ ధర్మాసనం 2014 తీర్పు సరైనదేనా అన్న సందేహం వ్యక్తం చేసి, పెద్ద ధర్మాసనం చూడాలని నివేదించింది. అది తేలేదాకా మైనారిటీ బడులకు టెట్ నిబంధన వర్తించదంది.

ఈ చివరి వాక్యం విని మైనారిటీ బడుల టీచర్లు చాలామంది ఊపిరి పీల్చుకున్నారు. అక్కడే ప్రమాదం ఉంది. సుప్రీంకోర్టే పాత తీర్పును ప్రశ్నిస్తున్నప్పుడు ఆ మినహాయింపు మీద ఉద్యోగ జీవితాన్ని కట్టుకోవడం గట్టు తెగిన చెరువు కింద నారు పోయడం లాంటిది. రేపు మినహాయింపు పోతే టెట్ లేకుండా హెచ్‌ఎం అయినవాళ్ల ప్రమోషన్ల మీద కేసులు పడతాయి. వేసేది పక్క గదిలో టెట్ పాసై కూర్చున్న జూనియరే. అందుకే చెబుతున్నాను: మైనారిటీ బడిలో పనిచేస్తున్నా సరే, వచ్చే టెట్ నోటిఫికేషన్‌కు అప్లై చేయండి. యాభై దాటిన వయసులో మళ్లీ పరీక్ష హాల్లో కూర్చోవడం కష్టమే. చైల్డ్ డెవలప్‌మెంట్, పెడగాజీ పాఠాలు మళ్లీ తిరగేయడం విసుగే. అయినా ఆ సర్టిఫికెట్ ఉంటే తీర్పు ఎటు వచ్చినా టెట్ పేరుతో మీ ప్రమోషన్‌ను కదిలించలేరు. యాజమాన్యాలు కూడా హెచ్‌ఎం ఎంపికలో టెట్ అర్హతను ఇప్పటి నుంచే లెక్కలోకి తీసుకోవాలి.

మైనారిటీ హక్కు విషయంలో ఇంకో దిశ నుంచీ గాలి వీస్తోంది. పశ్చిమ బెంగాల్ మదర్సా సర్వీస్ కమిషన్ చట్టం కేసులో 2020 జనవరిలో సుప్రీంకోర్టు, ప్రభుత్వ సాయం తీసుకునే మదర్సాలకు టీచర్లను కమిషన్ ఎంపిక చేసి పంపడం చెల్లుతుందంది. చదువులో నాణ్యత కోసం ప్రభుత్వం తెచ్చే నియంత్రణకు కోర్టు ఎక్కువ చోటిచ్చింది. ఒక్కో యాజమాన్యం బంధువర్గానికో, చందాదారు కొడుక్కో హెచ్‌ఎం కుర్చీ కట్టబెట్టినప్పుడల్లా, అన్ని మైనారిటీ బడుల నియామకాలనూ ప్రభుత్వం చేతిలోకి తీసుకోవాలనేవాళ్లకు ఒక ఆయుధం దొరుకుతుంది. ఒంగోలు, నెల్లూరు, గుంటూరు ప్రాంతాల్లో బాప్టిస్టు, లూథరన్ మిషన్ల బడులు ఊరి బయటి పిల్లలకు మొదటిసారి పలక పట్టించాయి. హైదరాబాద్ పాతబస్తీలో ఎన్నో ఇళ్లలో ఆడపిల్లలు మైనారిటీ బడుల వల్లే గడప దాటి చదువుకున్నారు. ఆ చరిత్ర ఉన్న హక్కును ఒక్క కుర్చీ కోసం తగలబెట్టే అధికారం ఏ కరస్పాండెంట్‌కీ లేదు. ఫాదర్ గారినో, సిస్టర్ గారినో హెచ్‌ఎంగా పెట్టాలని సంస్థ కోరుకోవడంలో తప్పేమీ లేదు, చట్టం దాన్ని గౌరవిస్తుంది. ఆ వ్యక్తికి బీఈడీ, బోధనానుభవం ఉన్నాయా, మిగతా అర్హుల పేర్లను కమిటీ ఒక్కసారైనా చూసిందా అన్నదే ప్రశ్న.

యాజమాన్యాలు చేయాల్సింది పెద్ద పనేం కాదు, కానీ ఖాళీ రాకముందే చేయాలి. హెచ్‌ఎం పోస్టుకు కావాల్సిన అర్హతలు, అనుభవం, చూసే అంశాలు ఒక తీర్మానంగా రాసి స్టాఫ్‌కు తెలియజేయాలి. అర్హులందరి నుంచి అంగీకారమో అనంగీకారమో రాతపూర్వకంగా తీసుకోవాలి. కమిటీలో బయటి విద్యావేత్త ఒకరు ఉంటే మంచిది. సీనియర్‌ను కాదంటే ఎందుకు కాదన్నారో మర్యాదగా రెండు వాక్యాల్లో రాయాలి. ఆ రెండు వాక్యాలు రాయలేకపోతే, ఆ నిర్ణయం న్యాయమైనదేనా అని కమిటీ అక్కడికక్కడే తనను తాను ప్రశ్నించుకోవాలి.

టీచర్లు ఎస్సార్‌ను ఏడాదికోసారి చూసుకోవాలి, కొత్తగా సంపాదించిన ప్రతి అర్హతనూ అందులో ఎక్కించమని రాతపూర్వకంగా అడిగి, అందినట్టు సంతకం తీసుకోవాలి. ఖాళీ రాబోతోందని తెలిసిన నాడే "నన్నూ పరిశీలించండి" అని దరఖాస్తు ఇవ్వాలి. ఎవరో కుర్చీలో కూర్చున్నాక ఇచ్చే అర్జీ కంటే ముందే ఇచ్చిన ఒక్క పేజీకి కోర్టులో విలువ ఎక్కువ. ఎయిడెడ్ బడిలో మీరు అర్జీ పెట్టినా జవాబు రాకపోతే, సమాచార హక్కు కింద డీఈవో ఆఫీసు నుంచి నియామకం ఫైలు నకలు అడగండి. యూనియన్ నాయకులు సీనియారిటీ నినాదంతో ధర్నా చేయిస్తే, మైనారిటీ బడిలో అది ఎంతవరకు నిలుస్తుందో ముందు ఒక సర్వీసు లాయర్‌ను అడిగి తెలుసుకుని రమ్మనండి. న్యాయంగా పరిశీలించలేదన్నది మీ బలమైన వాదన. దాన్ని వదిలిపెట్టి సీనియారిటీ ఒక్కదాన్నే పట్టుకుంటే కేసు మొదటి రోజే బలహీనపడుతుంది.

ఇక ప్రభుత్వాలు. వచ్చే వేసవిలో ఏ ఎయిడెడ్ బడిలో ఏ హెచ్‌ఎం రిటైరవుతారో పుట్టిన తేదీలతో సహా ప్రతి డీఈవో ఆఫీసులో జాబితా ఉంది. అందులోని ప్రతి మైనారిటీ బడికీ ఈ నెలలోనే ఒక లేఖ వెళ్లాలి. హెచ్‌ఎం అర్హతలు ఇవి, మీ ఎంపిక ప్రమాణాలు, తీర్మానం ఫలానా తేదీలోగా పంపండి, అర్హత తప్ప మరే కారణంతోనూ అప్రూవల్ ఆపం, అంది నెలలోగా జవాబిస్తాం అని అందులో రాయాలి. ప్రమోషన్ వివాదాలు వినే అధికారం జిల్లా స్థాయిలో ఒక న్యాయాధికారికి ఇచ్చేలా విద్యాచట్టాన్ని సవరించే బిల్లు వచ్చే శాసనసభ సమావేశాల్లోనే పెట్టాలి. జూన్‌లో బడి గంట మోగాక ఆ లేఖ వెళితే, అప్పటికే ఎవరో ఒకరు ఆ కుర్చీలో కూర్చుని ఉంటారు, ఇంకొకరు హైకోర్టు మెట్లెక్కి ఉంటారు.